నల్లమల: పేర్లలోనే నీళ్లు

ఉగాదికి వారం రోజుల ముందు ఆత్మకూరు దగ్గరి వెంకటాపురంలో నిలబడితే తెలుగు కంటే కన్నడమే ఎక్కువగా చెవిన పడుతుంది. ఉత్తర కర్ణాటక నుంచి రోజుల తరబడి నడిచి వచ్చినవాళ్లు అక్కడ తారురోడ్డు వదిలి అడవిలోకి దిగుతారు. నెత్తిన మూట, చేతిలో నీళ్ల సీసా, బొబ్బలెక్కిన పాదాలకు గుడ్డపీలికలు. శ్రీశైలంలోని భ్రమరాంబ వాళ్లకు ఇంటి ఆడపడుచు. పండక్కి చీర, పసుపు, కుంకుమ పట్టుకుని పుట్టింటివాళ్లలా వెళ్తారు. బస్సుంది కదా అంటే నవ్వి ఊరుకుంటారు. ముందున్న మజిలీలు మాత్రం వేళ్ల మీద లెక్కపెట్టి చెబుతారు: నాగలూటి, పెచ్చెరువు, భీముని కొలను. కొలను దాటి మెట్లెక్కితే కైలాసద్వారం. ఆ మీదట మల్లన్న.

ఆ మూడు పేర్లూ ఇంకోసారి పలకండి. ఊట, చెరువు, కొలను. ఎండ ముదిరే వేళ అడవి దాటేవాడికి కావలసిన సమాచారమంతా అందులోనే ఉంది. నాగలూటిలోనూ, ఆ పక్కనున్న బైర్లూటిలోనూ వినపడేది ఊటేనని నేనంటాను. భాషావేత్తలు కాదంటే పోట్లాడను. ఇంకా ఉన్నాయి. మల్లెలతీర్థం, లొద్ది, దొరబావి, ఊరూరా గుండాలు. బళ్లో గోడకు వేలాడే పటంలో నల్లమల ఒక ఆకుపచ్చ మరక. నడిచేవాళ్ల నోట్లో అది నీటి చుక్కల వరస. ఈ కొండ మీద గత ఇరవై ఏళ్లలో తీసుకున్న పెద్ద నిర్ణయాలన్నీ మొదటి పటాన్ని చూసి తీసుకున్నవే. రెండోదాన్ని ఎవరూ తెరవలేదు. నా ఫిర్యాదు అదే.

ముందు కొండ సంగతి. తూర్పు కనుమల్లో భాగమైన నల్లమల కృష్ణకూ పెన్నకూ మధ్య ఉత్తర దక్షిణాలుగా దాదాపు 150 కిలోమీటర్లు సాగుతుంది. సగటు ఎత్తు 500 మీటర్ల పైచిలుకు. కంభానికి వాయవ్యంగా ఉన్న బైరేనికొండ, గుండ్ల బ్రహ్మేశ్వరం వెయ్యి మీటర్లు దాటిన శిఖరాలు. పడమర కుందూ లోయ, ఆ లోయకు అవతల ఎర్రమల. తూర్పున గుండ్లకమ్మ, సగిలేరు, ఆ పైన వెలికొండ. ఉత్తరాన కృష్ణ ఈ కొండల్ని నిలువునా కోసుకుని లోతైన లోయలో పారుతుంది. ఆ లోయకు అవతలి గట్టున తెలంగాణ వైపు అమ్రాబాద్ పీఠభూమి. నదికి ఇవతలా అవతలా ఉన్నది ఒకే అడవి. తిరుమల పడగ, అహోబిలం నడుము, శ్రీశైలం తోక అని ఈ కొండల వరసను ఆదిశేషుడిగా చెప్పుకోవడం మన పెద్దలకు అలవాటు. పురాణం మాట అటుంచండి, ఆ ఊహలో ఒక భూగోళ జ్ఞానముంది. శేషాచలం నుంచి శ్రీశైలం దాకా తెగకుండా పోయే ఒకే వెన్నెముకను వాళ్లు ఏ ఉపగ్రహ చిత్రమూ లేకుండానే చూశారు.

ఇక రాయి. కడప బేసిన్ అని భూగర్భ శాస్త్రజ్ఞులు పిలిచే, వంద కోట్ల ఏళ్లకు పైబడిన అవక్షేపాలివి. మడతలు పడి లేచిన పొరల్లో ప్రధానమైనవి రెండు: గట్టి క్వార్ట్‌జైట్, మెత్తని పలకరాయి. మొదటిదానికి బైరేనికొండ పేరు పెట్టారు, రెండోదానికి కంభం పేరు. ఆ రెండోదానితో మనలో చాలామందికి చిన్ననాటి చుట్టరికముంది. ప్లాస్టిక్ పలకలు రాకముందు తెలుగు పిల్లలు అఆలు దిద్దిన రాతిపలక మార్కాపురానిది, అంటే నల్లమల తూర్పు పాదానిది. బలపం కీచుమనడం, అరచేత్తో తుడిస్తే మిగిలే తెల్లని చార, తడిగుడ్డ పెడితే రాయి విడిచే చల్లని మట్టివాసన నాకింకా గుర్తు. కర్ర చట్రంలో బిగించిన ఆ నల్లని ముక్క ఒకప్పటి సముద్రగర్భపు బురద అని మా పంతులుగారు చెప్పలేదు. ఆయనకూ తెలిసి ఉండదు.

ఈ రెండు రాళ్ల పొత్తులోనే నల్లమల నీటి రహస్యమంతా ఉంది. క్వార్ట్‌జైట్ గట్టిదే కానీ నిండా పగుళ్లు. వాన ఆ పగుళ్లలోకి ఇంకుతుంది. కింద పలకరాయి పొర అడ్డుపడితే ముందుకు పోలేక పక్కకు తిరిగి, కొండ పక్కనో పాదంలోనో ఊటగా బయటపడుతుంది. మహానంది వెళ్లినవాళ్లు దీన్ని కళ్లారా చూశారు. గర్భగుడి లింగం కింది నుంచి వచ్చే ధార కోనేట్లోకి చేరి, అక్కడి నుంచి బయటి గుండాలకు, ఆ మీదట పొలాలకు పోతుంది. కోనేట్లో రూపాయి బిళ్ల వేస్తే బొమ్మా బొరుసా అన్నది పైనుంచే చెప్పొచ్చు. వేసవిలోనూ మట్టం తగ్గదు. చలికాలంలో దిగితే గోరువెచ్చగా, ఎండాకాలంలో చల్లగా తగులుతుంది. గుడి దాటి రోడ్డెక్కగానే ఎదురయ్యే అరటితోటలు ఆ నీటివే. నంద్యాల మార్కెట్లో గెల బేరమాడే మనిషి నిజానికి ఎన్నడో కొండ మీద పడ్డ వానకు ధర కడుతున్నాడు.

తూర్పు వైపు గుండ్లకమ్మది ఇదే కథ. గుండ్ల బ్రహ్మేశ్వరం దగ్గర పుట్టి కొండ దిగుతుంది. 16వ శతాబ్దంలో శ్రీకృష్ణదేవరాయల రాణి వరదరాజమ్మ రెండు కొండల సందులో దానికి కట్ట వేయించగా ఏర్పడింది కంభం చెరువు. 2020లో దానికి ప్రపంచ సాగునీటి వారసత్వ కట్టడంగా గుర్తింపు వచ్చింది. అదే ఏడాది అదే గుర్తింపు పొందిన పోరుమామిళ్ల చెరువు కాస్త దక్షిణాన ఉంది. ఆ చెరువు దగ్గరి 1369 నాటి శాసనం తీరిక చేసుకుని తెలుసుకోదగ్గది. మంచి చెరువుకు ఉండాల్సిన పన్నెండు అంగాలు, ఉండకూడని ఆరు దోషాలు అందులో చెక్కారు. జలశాస్త్రం తెలిసినవాడు ఉండాలన్నది అంగాల్లో ఒకటి. దోషాల్లో కట్ట కారడం ఉంది, చవుడు నేల ఉంది, నీళ్లు తక్కువై ఆయకట్టు ఎక్కువ కావడం ఉంది. ఇంకొకటి కూడా ఉంది: రెండు రాజ్యాల సరిహద్దులో చెరువు ఉండటం. శ్రీశైలం జలాశయపు నీళ్ల కోసం ఏటా జరిగే తగవు చూసినప్పుడల్లా ఆ శాసనం చెక్కినవాడు నాకు గుర్తొస్తాడు.

శ్రీశైలానికి నాలుగు ద్వారాలంటారు. తూర్పున త్రిపురాంతకం, దక్షిణాన సిద్ధవటం, పడమర అలంపురం, ఉత్తరాన ఉమామహేశ్వరం. ఈ నాలుగూ కలిపి గీత గీస్తే దాదాపు నల్లమలే చుట్టు వస్తుంది. అంటే క్షేత్రం ఒక్క గుడి కాదు, కొండంతా. పాల్కురికి సోమనాథుడు పండితారాధ్య చరిత్రలో ఒక ప్రకరణానికి ప్రకరణమే పర్వతానికి ఇచ్చాడు. రెడ్డిరాజు వేమారెడ్డి శ్రీశైలానికీ అహోబిలానికీ మెట్లు కట్టించాడు. దోర్నాల ఘాట్‌లో శిఖరేశ్వరం దగ్గర బస్సులు ఇప్పటికీ ఆగుతాయి. అక్కడి నుంచి గుడి శిఖరం కనిపిస్తే మళ్లీ జన్మ ఉండదని నమ్మకం. రద్దీ రోజుల్లో అక్కడ పార్కింగ్ దొరికితే అదీ పుణ్యఫలమే.

పందొమ్మిదో శతాబ్దపు చివర్లో రైలు వచ్చింది. నంద్యాల నుంచి గిద్దలూరు వైపు చలమ, బొగద, దిగువమెట్ట మీదుగా మీటర్‌గేజ్ వేశారు. అడవి మధ్య లోయ మీద కట్టిన దొరబావి వంతెన ఆ రోజుల్లో ఇంజినీరింగ్ అద్భుతం. బ్రాడ్‌గేజ్ వచ్చాక దాన్ని వదిలేశారు. రాతి స్తంభాలు మాత్రం నిలిచి ఉన్నాయి. ఆ లైనుతో ముడిపడ్డ ఒక జీవి కథ పుస్తకాల్లోకి ఎక్కింది. 1899లో పోకాక్ అనే శాస్త్రజ్ఞుడు నీలిరంగులో లోహంలా మెరిసే ఒక సాలీడును వర్ణించాడు. అది దొరికిన చోటు గుత్తి రైల్వే కలప యార్డు. అందుకే దానికి గుత్తి పేరు పడింది. ఆ తర్వాత శతాబ్దం పాటు అడవిలో దాని జాడ లేదు. 2001లో నంద్యాల, గిద్దలూరు మధ్య అడవిలో చెట్టు తొర్రల్లో మళ్లీ కనిపించింది. గుత్తికి అది దుంగలతోపాటు రైలెక్కి చేరిందన్నమాట. ప్రపంచంలో ఇంకెక్కడా లేని ఆ ప్రాణి ఇప్పుడు అంతరించే అంచున ఉన్న జీవుల జాబితాలో ఉంది. విదేశాల్లో దాన్ని గాజుపెట్టెల్లో పెంచుకునేవాళ్లు చాలామందే ఉన్నారు. దిగువమెట్టలో అడిగి చూడండి, దాని గురించి ఎందరికి తెలుసో.

ఈ కొండను అందరికంటే ఎక్కువ ఎరిగినవాళ్లు చెంచులు. వాళ్ల ఊళ్లను పెంటలంటారు. పట్నంవాళ్లకు ఆ మాట నవ్వు తెప్పిస్తుంది. అడవి భాషలో పెంట అంటే మంద కట్టేచోటు, నలుగురు నిలిచిన చోటు. అప్పాపూర్, బౌరాపూర్, మేడిమల్కల్ లాంటివి అమ్రాబాద్ లోపలి పెంటలు. హైదరాబాద్ నుంచి శ్రీశైలం పోయే బస్సులో దోమలపెంట, ఈగలపెంట బోర్డులు మీరూ చూసే ఉంటారు. హైమెన్‌డార్ఫ్ అనే ఆస్ట్రియా దేశపు మానవశాస్త్రజ్ఞుడు నిజాం కాలంలో ఈ పెంటల్లో తిరిగి, 1943లో చెంచుల మీద పుస్తకం వేశాడు. నల్లమల గురించి మొదట చదవాల్సినవాటిలో అదిప్పటికీ ముఖ్యమైనదే. ఇక మన కథల్లో చెంచులు ఎప్పుడూ దేవుడికి అత్తింటివాళ్లే. అహోబిలం నరసింహుడు చెంచులక్ష్మిని చేసుకున్నాడు, శ్రీశైలం స్వామిని చెంచులు తమ చెంచు మల్లయ్య అంటారు. వియ్యపు మర్యాద ప్రభుత్వ కాగితాల్లో ఎంతవరకు ఉందన్నది వేరే సంగతి.

తేనె తీసే పద్ధతి చెబుతాను. కొండచరియ అంచున పట్టు ఉంటుంది. తీగలతో పేనిన తాడు పైన చెట్టుకు కట్టి, మనిషి దాన్ని పట్టుకుని కిందికి దిగుతాడు. ఒక చేత్తో పొగ, ఒక చేత్తో కర్ర. కింద వందల అడుగుల లోతు. పైన తాడు కాసేది ఎవరనేది కీలకం. ఆ పని బావమరిదిదే అంటారు. అక్కో చెల్లో విధవరాలు కాకూడదు కనక అతను తాడు వదలడు. అన్నదమ్ములకు ఆ పని ఇవ్వరు! మానవ సంబంధాల మీద ఇంతకంటే నిక్కచ్చి అంచనా నేనెక్కడా వినలేదు. తేనె దిగాక పట్టంతా తీయరు, కొంత వదిలేస్తారు, మళ్లీ ఏడాది రావాలి కదా. వాళ్లకు ఏ వాగు ఏ నెలలో ఎండుతుందో, ఏ చెలమ వైశాఖంలోనూ తడి విడవదో తెలుసు. అడవిశాఖ బేస్ క్యాంపుల్లో పులుల జాడ పట్టే పనికి చెంచు యువకుల్ని పెట్టుకోవడం అందుకే.

ఇప్పుడు సొరంగాల సంగతి. నల్లగొండ కరవునూ, ఫ్లోరైడ్ నీళ్లకు వంగిన ఎముకలనూ చూసినవాళ్లెవరూ శ్రీశైలం నీళ్లు అక్కడికి వద్దనరు. నేనూ అనను. గ్రావిటీ మీద 30 టీఎంసీలు తీసుకెళ్లే శ్రీశైలం ఎడమగట్టు కాలువ సొరంగం పొడవు దాదాపు 44 కిలోమీటర్లు. దోమలపెంట వైపు నుంచి ఒక యంత్రం, మన్నెవారిపల్లి వైపు నుంచి ఒక యంత్రం తొలుచుకుంటూ రావాలన్నది అప్పటి పథకం. పైన ఉన్నది పులుల అభయారణ్యం కాబట్టి మధ్యలో ఎక్కడా పైకి దారి తీయడానికి వీల్లేదు. లోపలికి పోయినవాళ్లు పోయిన దారినే రావాలి. 2025 ఫిబ్రవరి 22న దోమలపెంట వైపు సుమారు 14 కిలోమీటర్ల లోపల పైకప్పు కూలింది. ఎనిమిది మంది చిక్కుకున్నారు. సైన్యం, నౌకాదళం, సింగరేణి కార్మికులు, కేరళ నుంచి వచ్చిన జాగిలాలు రెండు నెలలు వెతికినా గాలింపు ఆపేనాటికి దొరికినవి రెండు మృతదేహాలే. వాళ్లు పోరాడింది రాతితో మాత్రమే కాదు, బురదతోనూ ఆగకుండా ఊరే నీటితోనూ.

ఆ నీరు ఎవరికైనా ఆశ్చర్యం కలిగించిందంటే అదే ఆశ్చర్యం. పగిలిన రాళ్ల నుంచి నీళ్లు ఊరడం నల్లమల స్వభావం. యాత్రికుడు భీముని కొలనులో దోసిట పట్టేదీ, మహానందిలో లింగం కింద పారేదీ, యంత్రం మీద విరుచుకుపడేదీ ఒకే గుణం. కొండను గోడ అనుకుని తొలిచారు. అది గోడ కాదు, బాన.

ఇవతల ఆంధ్రప్రదేశ్ వైపు వెలిగొండ. కొల్లంవాగు నుంచి 18.8 కిలోమీటర్ల జంట సొరంగాలతో 43.5 టీఎంసీలు ప్రకాశం, నెల్లూరు, కడప మెట్టకు మళ్లించే పథకం. శంకుస్థాపన 1996లో. సుంకేసుల, గొట్టిపడియ, కాకర్ల దగ్గర కొండల సందులు మూసి నీళ్లు నిలిపే పద్ధతి వరదరాజమ్మ కంభంలో చేసినదే, కొలతలు మారాయంతే. కంభం మెట్ట రైతు మూడు దశాబ్దాలుగా ఎదురుచూస్తున్నాడు. ఆ నీళ్లు అతనికి అందాల్సిందే. ఐతే రెండు రాష్ట్రాలూ ఒకే కొండను చెరో వైపు తొలుస్తున్నప్పుడు, ఆ కొండ లోపలి ఊటల మీద ఇద్దరూ కలిసి చేసిన ఒక్క ఉమ్మడి సర్వే అయినా ఉండొద్దా?

పులుల సంగతీ అంతే. 2014కు ముందు నాగార్జునసాగర్–శ్రీశైలం 3,568 చదరపు కిలోమీటర్లతో దేశంలోకెల్లా పెద్ద పులుల అభయారణ్యం. రాష్ట్ర విభజనతో కృష్ణ సరిహద్దయింది, అవతలి భాగం అమ్రాబాద్ అయింది. 2022 లెక్కల్లో ఆంధ్రప్రదేశ్‌కు 63 పులులు, తెలంగాణకు 21 అని పత్రికలు పోటీ పెట్టి రాశాయి. పులికి ఈత వచ్చు. ఫైలుకు రాదు. గడ్డి ఎక్కడ కాలింది, వాగు ఎక్కడ ఎండింది, వేటగాడి ఉచ్చు ఎక్కడ దొరికింది అనేవి ఒక గట్టు వాళ్లు ఇంకో గట్టు వాళ్లకు చెప్పుకునే ఏర్పాటు గట్టిగా ఉండాలి. అది అధికారుల స్నేహాల మీద ఆధారపడకూడదు.

2019లో ఒకసారి మాత్రం అందరూ ఒక్కమాట మీద నిలిచారు. అమ్రాబాద్‌లో 83 చదరపు కిలోమీటర్ల మేర యురేనియం అన్వేషణకు ప్రతిపాదన వచ్చింది. నాలుగు వేల బోర్లు వేస్తామన్నారు. సేవ్ నల్లమల అని పట్నం పిల్లలు ఫోన్లలో రాశారు, పదర, అమ్రాబాద్ ఊళ్లలో జనం రోడ్డెక్కారు. ఆ సెప్టెంబర్‌లో తెలంగాణ శాసనసభ ఏకగ్రీవంగా వద్దని తీర్మానించింది. నాడు భయపెట్టింది యురేనియం అన్న మాట. నిజంగా భయపెట్టాల్సింది ఆ నాలుగు వేల రంధ్రాలు.

చెంచుల తరలింపు ఇంకో ముల్లు. అభయారణ్యం నడిమధ్య నుంచి ఇష్టపడి బయటికి వచ్చే కుటుంబానికి 15 లక్షల రూపాయలు ఇస్తారు. పిల్లల బడి, ఆసుపత్రి కోసం రావాలనుకునే తల్లిని ఆపే హక్కు మనకు లేదు. రానన్నవాళ్లను విసిగించి రప్పించే హక్కు అసలే లేదు. 2006 అటవీ హక్కుల చట్టం ఉన్నది అందుకే. పెంట ఖాళీ అయిన రోజున పులికి ఎంత చోటు మిగులుతుందో లెక్క కడతారు. ఆ పెంటతోపాటు ఎన్ని చెలమల పేర్లు పోతాయో ఎవరు రాసుకుంటున్నారు?

ఇక అన్నిటికంటే తాజా ముచ్చట రోడ్డు. హైదరాబాద్–శ్రీశైలం దారిలో అడవి భాగమంతా స్తంభాల మీద ఎలివేటెడ్ కారిడార్ కట్టాలన్న ప్రతిపాదన ఉంది. నేల మీద రోడ్డు వెడల్పు చేసి చెట్లు కొట్టడం కంటే అది మేలే, ఒప్పుకుంటాను. మధ్యప్రదేశ్, మహారాష్ట్రల మధ్య పెంచ్ అడవిలో 44వ జాతీయ రహదారి కింద కట్టిన దారుల్లోంచి పులులు నడిచిపోతున్న ఫొటోలున్నాయి. కానీ పెంచ్ రోడ్డు పగలూ రాత్రీ లారీలు తిరిగే దారి. అక్కడ వంతెన ఉన్న గోలను తగ్గించింది. ఇక్కడ రాత్రిపూట అడవి దారి మూసేస్తారు కాబట్టి నిశ్శబ్దం ఇప్పటికే ఉంది. వంతెన వస్తే ఆ నిశ్శబ్దమే పోతుంది. పైగా ఒక్కో స్తంభానికి ఈ రాతిలో ఎంత లోతు తవ్వాలో, దాంతో ఏ ఊట దారి మారుతుందో ఎవరికి తెలుసు? సొరంగం నేర్పిన పాఠం చాలదా?

అడుగుతున్నది పెద్దదేమీ కాదు. రెండు ప్రభుత్వాలూ కలిసి ఒక్క వేసవి మొత్తం కొండలోని ఊటలు, గుండాలు, చెలమలు నడిచి రాయించాలి. రాసేది భూగర్భ జలశాఖవాళ్లు, దారి చూపేది చెంచులు, వాళ్లకు కూలి కాదు, జీతం ఇవ్వాలి. ఆ పటం బల్ల మీదికి వచ్చేదాకా కొత్త సొరంగానికీ కొత్త వంతెనకూ సంతకం పెట్టకూడదు. అప్పటిదాకా ఉన్న ఏర్పాటు ఉండనివ్వండి. శ్రీశైలం దారిలో మన్ననూరు చెక్‌పోస్టు దగ్గర రాత్రి 9 గంటలకు గేటు పడుతుంది, ఉదయం 6కు లేస్తుంది. నల్లమలకు మనం ఇస్తున్నది ఆ తొమ్మిది గంటలే.